బుస్సుమన్నదల్లా నష్టమే

సోడా గ్లాసులో నిమ్మచెక్క పిండి, చిటికెడు ఉప్పు వేయగానే బుస్సుమంటూ నురగ అంచుదాకా పొంగుతుంది. బండి దగ్గర నిలబడ్డవాళ్లు అది చూసి గ్యాస్ బాగా ఉందని మురిసిపోతారు. ఉప్పుకీ సోడాకీ ఏదో చర్య జరిగి కొత్తగా గ్యాస్ పుట్టిందని కూడా చాలామంది నమ్మకం. నిజానికి అక్కడ కొత్తగా పుట్టిందేమీ లేదు. శుభ్రమైన ఇసక రవ్వలు వేసినా సోడా అలాగే పొంగుతుంది. నీళ్లలో కరిగి ఉన్న కార్బన్ డయాక్సైడ్ బుడగ కట్టాలంటే ముందు దానికి ఓ గరుకు చోటు దొరకాలి. ఉప్పు రవ్వల పగుళ్లలో చిక్కుకున్న కాస్త గాలి ఆ చోటు చూపించింది, అంతే. నాలుకకి చేరాల్సిన గ్యాస్ రెండు క్షణాల్లో గ్లాసు దాటి గాలిలో కలిసిపోయింది. మనం మెచ్చుకున్న ఆ పొంగు సోడా బలం చూపించడం కాదు, బలం పోగొట్టుకోవడం. ఇంట్లో సొంతంగా నిమ్మసోడా చేయాలనుకునేవాళ్లు ముందుగా గుర్తుపెట్టుకోవాల్సింది ఇదే. సోడాలో విలువైన సరుకులు రెండు, గ్యాసూ వాసనా. రెండూ పారిపోయేవే. నీళ్లు, పంచదార, పులుపు ఎక్కడికీ పోవు, ఎప్పుడు కలిపినా ఒకటే. అందుకే సోడా చేయడం అనే పనిలో వంట కన్నా కాపలా ఎక్కువ. ఆ రెండిటినీ పెదవిదాకా తప్పించుకోనివ్వకుండా తీసుకురాగలిగితే ఖరీదైన యంత్రం లేకపోయినా సోడా బాగుంటుంది. అది చేతకాకపోతే ఎంత యంత్రమైనా దండగ.

ముందు గ్యాస్ సంగతి చూద్దాం. సోడా గుటక వేయగానే నాలుక చుర్రుమంటుంది, ముక్కులోకి ఘాటెక్కుతుంది. బుడగలు పగిలి గుచ్చుకోవడం వల్లే ఇదంతా అని ఎవరికైనా తోస్తుంది. ఈ ఊహని పరీక్షించడానికి ఫిలడెల్ఫియాలోని మోనెల్ కెమికల్ సెన్సెస్ సెంటర్ పరిశోధకులు మనుషుల్ని పీడనం పెంచిన గదిలో కూర్చోబెట్టి సోడానీళ్ల రుచి అడిగారు. అంత ఒత్తిడిలో బుడగ కట్టదు. అయినా చురుకు తగ్గలేదని 2013లో వాళ్లు ప్రచురించారు. అంతకుముందు 2009లోనే చార్లెస్ జూకర్, నికొలస్ రైబా బృందం ఎలుకల మీద చేసిన పరిశోధనలో అసలు దారి దొరికింది. పులుపుని గుర్తుపట్టే కణాల మీద కార్బానిక్ అన్‌హైడ్రేజ్ అనే ఎంజైమ్ ఒకటి ఉంటుంది. అది కార్బన్ డయాక్సైడ్‌ని అక్కడికక్కడే ఆమ్లంగా మారుస్తుంది. ఆ ఆమ్లమే పులుపుగా తెలుస్తుంది, నొప్పిని మోసే నరాలకి మంటగానూ తెలుస్తుంది. దీనికి ఓ విచిత్రమైన రుజువు కొండలెక్కేవాళ్ల దగ్గర ఉంది. ఎత్తు మీద కలిగే అస్వస్థతకి వాడే అసిటజోలమైడ్ మాత్ర ఆ ఎంజైమ్‌ని అడ్డుకుంటుంది. ఆ మాత్ర వేసుకున్నవాళ్లకి బీరూ సోడా చప్పగా తోస్తాయి. బుడగలు మామూలుగానే లేస్తుంటాయి, చురుకు మాత్రం ఉండదు. అంటే సోడా ఘాటు కంటికి కనిపించే గ్యాస్‌లో లేదు, కనిపించకుండా నీళ్లలో కరిగి ఉన్న గ్యాస్‌లో ఉంది. కనిపించేది అప్పటికే చెయ్యిదాటిపోయింది.

కరిగిన గ్యాస్‌ని నీళ్లలో పట్టి ఉంచేవి రెండే, ఒత్తిడీ చల్లదనమూ. ఒత్తిడి ఎంత పెంచితే గ్యాస్ అంత ఎక్కువ కరుగుతుందని విలియం హెన్రీ 1803లో చెప్పాడు. ఆ సూత్రం అతని పేరుతోనే నిలిచింది. చల్లదనం లెక్క ఇంకా ఆసక్తిగా ఉంటుంది. మామూలు వాతావరణ పీడనంలో లీటరు నీళ్లు 0 డిగ్రీల దగ్గర దాదాపు 3.3 గ్రాముల కార్బన్ డయాక్సైడ్‌ని ఇముడ్చుకుంటాయి. 20 డిగ్రీల దగ్గర అవే నీళ్లు 1.7 గ్రాములతో సరిపెడతాయి, 30 దగ్గర ఒకటింపావు గ్రాముకి దిగిపోతాయి. మంచి ఘాటున్న సోడాలో లీటరుకి 7 గ్రాముల దాకా ఉంటుంది. ఆ 7 గ్రాములు నిలవాలంటే 5 డిగ్రీల దగ్గర వాతావరణ పీడనానికి రెండున్నర రెట్లు ఒత్తిడి చాలు. మే నెల మధ్యాహ్నం 35 డిగ్రీల గదిలో అదే పనికి ఆరు రెట్లు పైగా కావాలి. ఒకే సీసా ఫ్రిజ్‌లో మెత్తగానూ గట్టు మీద రాయిలాగానూ ఉండటానికి కారణం ఇదే. చల్లని సోడా తాగడానికి హాయి కాబట్టి చల్లబరుస్తామని అనుకుంటాం గానీ, చల్లదనం అసలు పని గ్యాస్‌కి కాపలా. గోరువెచ్చని నీళ్లకి గ్యాస్ పట్టించి ఆ తర్వాత ఐసు ముక్కలు వేసేవాళ్లు రెండు విధాల నష్టపోతారు. పట్టేటప్పుడే గ్యాస్ తక్కువ పట్టింది. పట్టిన ఆ కాస్తనీ ఐసు ముక్కల గరుకు పొంగించేసింది. నీళ్లని ముందే 2 లేదా 3 డిగ్రీలకి దించి, సీసానీ గ్లాసునీ కూడా చల్లబరచడమే సరైన పని. ఈ ఒక్క జాగ్రత్తతో వచ్చే తేడా యంత్రం మార్చినా రాదు.

నీళ్లకి గ్యాస్ పట్టించే సంగతి మొదట ఎదురైంది ఓ మతబోధకుడికి. 1767లో ఇంగ్లండులోని లీడ్స్‌లో జోసెఫ్ ప్రీస్ట్‌లీ ఇంటి పక్కనే బీరు కాచే కార్ఖానా ఉండేది. పులుస్తున్న తొట్ల పైన పేరుకునే గాలిలో నీళ్లు వేలాడదీసి, గిన్నెలోంచి గిన్నెలోకి పోస్తే ఆ నీళ్లకి కమ్మని పులుపు వచ్చింది. 1772లో సుద్ద మీద గంధకామ్లం పోసి గ్యాస్ పుట్టించి నీళ్లకి పట్టించే పద్ధతిని పుస్తకంగా అచ్చేశాడు. గ్యాస్‌ని అతను పంది మూత్రాశయపు తిత్తిలో పట్టేవాడు. దానివల్ల నీళ్లకి మూత్రం వాసన వస్తోందని జాన్ నూత్ అనే వైద్యుడు ఎద్దేవా చేసి, గాజుతో వేరే పరికరం చేశాడు. సోడా చరిత్రలో తొలి ఫిర్యాదుల్లో ఒకటి వాసన గురించే కావడం గమనించాల్సిందే. 1783 నాటికి జెనీవాలో యోహాన్ జేకబ్ ష్వెప్ దీన్ని వ్యాపారం చేశాడు. ఆ తర్వాత మిగిలిన చిక్కల్లా గ్యాస్ పోకుండా మూత బిగించడం. ఆ చిక్కు తీర్చిన హైరమ్ కాడ్ మనకి చుట్టం లాంటివాడు. 1872లో ఇతను పేటెంటు తీసుకున్న సీసాయే మన గోలీసోడా బుడ్డి. దాని తెలివంతా ఒక్క మాటలో ఉంది. పారిపోవాలని చూసే గ్యాసే లోపలినుంచి గోలీని తోసి తన దారి తానే మూసుకుంటుంది. సోడా పట్టే పాత యంత్రంలో సీసాల్ని బోనులో బిగించి గిరగిరా తిప్పడం చూసినవాళ్లకి ఇంకో సూత్రం కూడా కనిపించే ఉంటుంది. గ్యాస్ నీటి పైముఖం మీదుగానే లోపలికి దిగుతుంది. తిప్పినా కుదిపినా ఆ ముఖం ఎన్నో రెట్లు పెరుగుతుంది, గంటలు పట్టే పని నిమిషంలో అవుతుంది. సీసాని నిలబెట్టి గ్యాస్ వదిలితే సోడా చప్పగానే వస్తుంది.

ఇంత హడావుడి దేనికి, వంటసోడా వేసి నిమ్మరసం పిండితే బుస్సున పొంగుతుంది కదా అనేవాళ్లుంటారు. పేరులోనే సోడా ఉండటం ఈ భ్రమకి దన్ను. ఊటనీళ్లని అనుకరించాలని ఒకప్పుడు గ్యాస్ నీళ్లలో సోడియం లవణాలు కలిపేవారు, ఆ పేరు అలా అతుక్కుపోయింది. ఇప్పుడు తాగే సోడాలో సోడా ఉండనవసరం లేదు. వంటసోడాతో లీటరుకి 7 గ్రాముల గ్యాస్ రావాలంటే దాదాపు పదమూడున్నర గ్రాముల సోడా పొడి కావాలి. దాన్ని పూర్తిగా విరవడానికి 10 గ్రాములు పైగా సిట్రిక్ ఆమ్లం ఖర్చవుతుంది. మన నిమ్మరసంలో ఆ ఆమ్లం నూటికి ఆరు పాళ్లకి అటూ ఇటూ ఉంటుంది కాబట్టి అది ఎనిమిది కాయల రసం. అంత రసం పోసినా చివరికి పులుపు మిగలదు, సోడియం సిట్రేట్ అనే చప్పటి ఉప్పు మిగులుతుంది. పైగా లీటరులో మూడున్నర గ్రాములు దాటిన సోడియం ఉంటుంది. పెద్దవాళ్లు రోజు మొత్తంలో 2 గ్రాములకి లోపే తీసుకోవాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ సలహా. రక్తపోటు ఉన్నవాళ్లకి ఈ గ్లాసు పానీయం కింద లెక్క కాదు. ఇదంతా గ్యాస్ మొత్తం నీళ్లలో నిలిస్తేనే. మూతలేని చెంబులో చర్య జరిగితే ఎక్కువ భాగం పొంగి పోతుంది, నీళ్లలో మిగిలేది ఆ ఉష్ణోగ్రతలో ఇమిడే ఒకటిన్నర గ్రామే. కడుపు ఉబ్బరానికి వేసుకునే పొడికి ఈ పద్ధతి బాగానే ఉంటుంది, అది మందు కాబట్టి. నిమ్మసోడాకి పనికిరాదు.

అదే వంటసోడాని సిట్రిక్ ఆమ్లంతో వేరే సీసాలో విరిచి, గ్యాస్‌ని మాత్రం గొట్టం గుండా నీళ్ల సీసాలోకి పంపితే అభ్యంతరం లేదు, అది ప్రీస్ట్‌లీ పద్ధతే. ఉప్పు ఇటు రాదు, గ్యాస్ ఒక్కటే వస్తుంది. కూల్‌డ్రింకులు వచ్చే దళసరి ప్లాస్టిక్ సీసాలే ఇందుకు వాడాలి. గాజు సీసాలు, మంచినీళ్లు వచ్చే పల్చటి సీసాలు వద్దు. 8 గ్రాముల గ్యాస్ గుళికతో పనిచేసే సైఫన్ లీటరు నీళ్లకి సరిగ్గా సరిపోతుంది. చిన్న సిలిండరు బిగించే యంత్రాలూ వచ్చాయి. వీటిలో ఏది వాడినా గ్యాస్ ఒకటే, రుచిలో తేడా రాదు. తేడా తెచ్చేది సీసాలో మిగిలిపోయే గాలి. నీళ్ల పైన గాలి నిండి ఉంటే ఒత్తిడిలో పెద్ద వాటా దానిదే అవుతుంది. అందుకే మూత బిగించే ముందు ప్లాస్టిక్ సీసాని నొక్కి నీళ్లు మూతిదాకా వచ్చేట్టు చేయాలి. గ్యాస్ ఎక్కుతుంటే సీసా తనంతట తానే ఉబ్బి నిలబడుతుంది. కాచి చల్లార్చిన నీళ్లలో కరిగిన గాలి కూడా తక్కువ, అవి ఇంకా మేలు.

యంత్రాలూ పొడులూ ఎందుకు, ఈస్టు వేసి సహజంగా పులియబెడితే సరిపోదా అనే వాదం ఇప్పుడు బాగా వినిపిస్తోంది. ప్రీస్ట్‌లీ చూసిన బీరు తొట్టె కూడా అదే కాబట్టి ఈ మాటకి గౌరవం ఇవ్వాలి. లెక్క వేస్తే చిక్కు బయటపడుతుంది. ఈస్టు చక్కెరని తిని సగం బరువు కార్బన్ డయాక్సైడ్‌గా, మిగతా సగం ఆల్కహాలుగా వదులుతుంది. 7 గ్రాముల గ్యాస్ కావాలంటే ఇంచుమించు అంతే ఆల్కహాలు తప్పదు, అంటే సీసాలో నూటికి దాదాపు ఒక వంతు. పిల్లలకి పోసే నిమ్మసోడాలో అది ఉండొచ్చా అన్నది ఇంటివాళ్లు తేల్చుకోవాలి. రెండో చిక్కు ప్రమాదకరమైనది. చక్కెర అయిపోయేదాకా ఈస్టు ఆగదు. తియ్యటి పానకంలో లీటరుకి 100 గ్రాముల చక్కెర ఉంటే ఆ సీసా వేసవిలో బాంబే. ఫ్రిజ్‌లో పెడితే ఈస్టు మందగిస్తుంది గానీ చావదు. అన్నిటికన్నా నాకు నచ్చని సంగతి వేరే ఉంది. పులిసే రోజుల్లో బయటకి పోయే గ్యాస్ నిమ్మవాసనని కూడా వెంటబెట్టుకు పోతుంది, బదులుగా పిండి పులిసిన వాసన అంటిస్తుంది. అల్లం లాంటి మొండి ఘాటుకి ఇది నప్పుతుంది. నిమ్మకి నప్పదు.

ఇక రెండో సరుకు వాసన. నిమ్మసోడా అనగానే మన చెయ్యి రసం మీదికి పోతుంది, తొక్క చెత్తబుట్టలోకి పోతుంది. నిమ్మని నిమ్మగా గుర్తుపట్టించేది మాత్రం ఆ తొక్కే. రసంలో ఉండేది ప్రధానంగా పులుపు. ముక్కు మూసుకుని తాగితే అది చింతపండు నీళ్ల పులుపుకి ఎంతో దూరంలో ఉండదు. తొక్క పైపొరలో చిన్న చిన్న నూనె తిత్తులుంటాయి. కమలాతొక్కని వెలుగుతున్న కొవ్వొత్తి దగ్గర మడిచి నొక్కితే చిటపటమని నిప్పురవ్వలు లేస్తాయి. తిత్తులు చిట్లి చిమ్మిన నూనె తుంపరలు మండటమే అది. ఆ నూనెలో ఎక్కువ పాలు లిమోనీన్. నిమ్మకి ప్రత్యేకమైన పదునైన వాసన మాత్రం కొద్ది పాళ్లలోనే ఉండే సిట్రాల్‌ది. ఈ తేడా మన వంటిళ్లకి ఎప్పటినుంచో తెలుసు. మజ్జిగలో నలిపి వేసేది దబ్బాకు, దబ్బరసం కాదు. పులిహోరకి నిమ్మరసం పొయ్యి దించాకే పిండుతారు, పొయ్యి మీద పిండితే వాసన పోయి చేదు మిగులుతుందని. సోడా చేసేటప్పుడు మాత్రం ఆ తెలివిని పక్కనపెట్టి, నిమ్మరసాన్ని పంచదార పాకంలో వేసి కాచి సీసాలో పోస్తున్నాం. ఇల్లంతా ఘుమఘుమలాడుతుంది. ఆ ఘుమఘుమ సీసాలోంచి పోయినదే కదా!

కాచకుండా వాసనని పట్టే దారి పంచదారే. నాలుగు నిమ్మకాయల తొక్కని పైరంగు వరకే సన్నగా కోరి, 100 గ్రాముల పంచదారలో వేసి వేళ్లతో నలపాలి. పలుకుల గరుకు తిత్తుల్ని చిట్లిస్తుంది, పంచదార తొక్కలోని తడిని లాగేస్తుంది, తడితోపాటు బయటపడ్డ నూనె పలుకులకి అంటుకుంటుంది. మూతపెట్టి మూడు నాలుగు గంటలుంచితే పంచదార ఆకుపచ్చగా తడిసి ముద్దవుతుంది. అప్పుడు మూత తీస్తే తెలిసే వాసన ఏ పాకంలోనూ ఉండదు. దాని మీద అవే నాలుగు కాయల రసం పోసి, పొయ్యి జోలికి పోకుండా గరిటెతో కలుపుతూ కరిగించాలి. ఇదే మన కాచని నిమ్మపాకం. కాస్త నీళ్లు అవసరమైతే చల్లనివే పోయాలి. ఇక్కడ ఒక సందేహం సబబైనదే. నూనె నీళ్లలో కలవదు కదా, పైకి తేలదా అని. తేలుతుంది. కంపెనీల నిమ్మపానీయాలకి ఇదే పెద్ద తలనొప్పి, సీసా మెడ చుట్టూ నూనె కట్టు కట్టేది. తుమ్మజాతి చెట్ల జిగురుతో నూనెని సన్నటి తుంపరలుగా నిలిపేవాళ్లు కొందరు. నూనె బరువు పెంచి ముంచాలని బ్రోమిన్ చేర్చిన మొక్కల నూనె కలిపేవాళ్లు మరికొందరు. ఆ రెండోదానికి అమెరికా 2024లో అనుమతి రద్దు చేసింది. ఇంట్లో చేసేదానికి ఈ గొడవ లేదు, గంటలో తాగేసే సోడాకి కట్టు కట్టే వ్యవధి దొరకదు. నిలవ చేయాల్సిన చోట మరో నష్టం కూడా ఉంది. పుల్లటి నీళ్లలో సిట్రాల్ నెమ్మదిగా విరిగిపోతుంది. నెలల తరబడి అరలో కూర్చున్న నిమ్మపానీయానికి అప్పుడే పిండిన కాయ వాసన లేదంటే తప్పు పూర్తిగా తయారీదారుడిది కాదు, పులుపుదీ కాలానిదీ.

తొక్క అనగానే చేదు వస్తుందనే మాట వినిపిస్తుంది, ఆ భయం ఉత్తదేమీ కాదు. చేదు ఎక్కడుందో తెలిస్తే తప్పించుకోవచ్చు. రంగు పొర కింద ఉండే తెల్లటి బెండులో, పొరల్లో, గింజల్లో చేదునిచ్చే పదార్థాలుంటాయి. వాటిలో ముఖ్యమైనది లిమోనిన్. పేరు లిమోనీన్‌కి కవలలా ఉన్నా స్వభావంలో దానికి పూర్తిగా వేరు. ఇది కాయలో చేదుగా ఉండదు. కాయని పిండాక, ఆమ్లం తగిలాక, గంటల మీద చేదుగా మారుతుంది. పొద్దున తీసిన బత్తాయి రసం సాయంత్రానికి చేదెక్కేది అందుకే. రాయలసీమవాళ్లు చీనీ అనే ఈ బత్తాయి అనంతపురంలోనూ నల్గొండలోనూ విరివిగా పండుతుంది, దాంతో సోడా చేయాలనుకోవడం సహజం. చేయొచ్చు గానీ, రసం అప్పుడే తీసి అప్పుడే తాగాలి, పులుపు చాలదు కాబట్టి సగం నిమ్మచెక్క తోడివ్వాలి. పంపర పనసలోనూ నారింజలోనూ నారింజిన్ అనే మరో చేదు ఉంటుంది, అది వెంటనే తెలుస్తుంది. దబ్బకాయకి బెండు మందమే అయినా పైతొక్క వాసన అద్భుతం. గూడూరు, తెనాలి, ఏలూరు మార్కెట్లనుంచి మనకొచ్చే నిమ్మకాయకి తొక్క కాగితంలా పల్చన. కత్తితో చెక్కితే బెండు తప్పకుండా వస్తుంది, అందుకే సన్నకంతల కోరాముతో ఒక్కో చోట ఒక్కసారే రాయాలి. అంత జాగ్రత్తా తప్పి కాస్త చేదు దిగిందా, చిటికెడు ఉప్పు దాన్ని అణుస్తుంది, ఉప్పు చేదుని కప్పుతుందన్నది ప్రయోగాల్లో తేలిన మాటే. ఆ ఉప్పుని గ్లాసులో చల్లకుండా ముందే నిమ్మపాకంలో కరిగించాలి. కరిగిన ఉప్పుకి గరుకు లేదు, సోడాని పొంగించదు.

ఇప్పుడు రెండు సరుకుల్నీ కలపాలి, ఎక్కువ నష్టం జరిగేది ఇక్కడే. నిమ్మపాకాన్ని పల్చటి గుడ్డలో రెండుసార్లు వడకట్టాలి. గుజ్జు ఉంటే ఇంటి సోడాలా నిండుగా ఉంటుందని కొందరి మక్కువ. ఆ గుజ్జు పీచులే గ్యాస్‌కి తలుపులు. షాంపేన్ బుడగల మీద ఏళ్లతరబడి పనిచేసిన ఫ్రెంచి భౌతిక శాస్త్రవేత్త జెరార్ లిజే బెలేర్ చూపించినదాని ప్రకారం, గ్లాసులో బుడగల తీగలు ఎక్కువగా బయల్దేరేది గాజుకి అంటిన సన్నటి పీచుల్లోంచే. పీచు బోలులో చిక్కిన గాలి ప్రతి క్షణం బుడగ మీద బుడగని వదులుతూ ఉంటుంది. చల్లబరిచిన పాకం గ్లాసులో ముందు పోసి, సోడానీళ్లని గ్లాసు ఒంపి గోడ వెంబడి జారవిడిచి, చెంచాని అడుగునుంచి ఒక్కసారి పైకెత్తితే చాలు, గిలక్కొట్టకూడదు. తీపి కలిపాక సీసాకి గ్యాస్ పట్టించాలనుకోవడం ఇంకా పొరపాటు. తీపి, గుజ్జు ఉన్న ద్రవం మూత తీయగానే నురగై గట్టంతా పారుతుంది. కొన్ని యంత్రాలవాళ్లు నీళ్లకే గ్యాస్ పట్టించమని హెచ్చరించేది ఇందుకే.

పొంగు నష్టమైతే, బుడగ కనిపించకుండానే చురుకు తెలుస్తుందంటే, బుడగలు అక్కర్లేనట్టేనా? కాదు. లిజే బెలేర్ బృందమే 2009లో తేల్చిన విషయం ఒకటుంది. బుడగ పైకి వస్తూ వాసననిచ్చే అణువుల్ని తన ముఖానికి అంటించుకుని తెస్తుంది. పైన పగిలినప్పుడు చిమ్మే తుంపరలో ఆ అణువులు గ్లాసులోని ద్రవంలో కన్నా చిక్కగా ఉంటాయి. కాబట్టి బుడగ వాసనకి వాహనం. ఆ బండి ఎక్కడ బయల్దేరాలన్నదే ప్రశ్న. సీసాలో, గరిటె కింద, ఉప్పు రవ్వల మీద బయల్దేరితే వాసన గదికి దక్కుతుంది. పెదవి దగ్గరా నోటి వెచ్చదనంలోనూ బయల్దేరితే మన ముక్కుకి దక్కుతుంది. చల్లని సోడా నోట్లోకి వెళ్లగానే 37 డిగ్రీల వేడి తగిలి, ఇముడ్చుకున్న గ్యాస్ అక్కడ విడుదలవుతుంది, వాసన గొంతు వెనకనుంచి ముక్కులోకి ఎక్కుతుంది. కాపలా కాసేది ఎప్పటికీ వదలకూడదని కాదు, ఆ క్షణందాకా ఆగడానికి.

ఈ లెక్కలేవీ తెలియని బండివాడి నిమ్మసోడా అంత బాగుంటుందేం అని అడిగితే, అతని చేతిని కాస్త దగ్గరగా చూడాలి. కాయని అప్పుడే కోస్తాడు. నొక్కుడు చెక్కలో నిమ్మచెక్కని కోసిన ముఖం కిందికి పెట్టి నొక్కుతాడు. రసం కారుతుండగా తొక్క లోపలిది బయటికి తిరగబడుతుంది, తిత్తులు చిట్లి నూనె కూడా రసంలోకి జారుతుంది. సోడాబుడ్డి ఐసు నీళ్ల తొట్టిలోంచి తీస్తాడు, గోలీ నొక్కి క్షణం ఆలస్యం చేయకుండా పోస్తాడు. మీరు అక్కడే నిలబడి నిమిషంలో తాగేస్తారు. చల్లదనం, తొక్క నూనె, ఆఖరి నిమిషంలో కలపడం అన్నీ ఉన్నాయి. రాయలసీమ నన్నారి సోడాలోనూ ఇదే వరస, పాకం గ్లాసులో, నిమ్మ దాని మీద, సోడా చిట్టచివర. బండి సోడా ఈ వాదానికి అపవాదం కాదు, సాక్ష్యం. ఉప్పు పొంగు ఒక్కటే అతను చేసే దుబారా, అదీ గిరాకీ కళ్లకోసం.

ఆరోగ్యం మాట కూడా వస్తుంది కాబట్టి క్లుప్తంగా. గ్యాస్ పళ్లని తినేస్తుందంటారు. ఉత్త సోడానీళ్ల ఆమ్లత పీహెచ్ 4 దగ్గర ఉంటుంది, నిమ్మరసానిది 2 నుంచి 2.5 మధ్య. అంటే అసలు దోషి నిమ్మే, దానికి పంచదార తోడు. గంటలకొద్దీ చప్పరించకుండా తాగేసి నోరు పుక్కిలిస్తే సరి. పంచదార లీటరుకి 100 గ్రాములంటే బజారు పానీయాలతో సమానమే, ఇంటిది కదా అని తగ్గిపోదు. అయితే వాసన దండిగా ఉన్న సోడాకి 60 గ్రాములతోనే తీపి సరిపోతుంది, తొక్క వాడటంలో ఈ లాభం కూడా ఉంది. తొక్క మీది మందులూ మైనపు పూతా నిజమైన చిక్కే. గోరువెచ్చని నీళ్లలో బ్రష్‌తో రుద్ది కడిగితే కొంత పోతుంది, పెరటి కాయ దొరికితే అంతకన్నా మేలు. తొక్క కోరిన చేతులతో ఎండలోకి మాత్రం పోకూడదు. నిమ్మతొక్కలోని కొన్ని పదార్థాలు ఎండ తగిలితే చర్మాన్ని కాలుస్తాయి, ఆ మచ్చ వారాలపాటు పోదు. సబ్బుతో కడుక్కుంటే చాలు.

చివరికి సగం మిగిలిన సీసా. మూత పెట్టేముందు దాన్ని నొక్కి గాలి తీసేయడం చాలా ఇళ్లలో అలవాటు. గ్యాస్ పట్టించే ముందు పనికొచ్చిన ఆ నొక్కుడు ఇప్పుడు పనికిరాదు. లోపలి గ్యాస్ బయటికొచ్చి సీసాని మళ్లీ ఉబ్బిస్తుంది, ఖాళీ ఎప్పటంతే అవుతుంది, ఆ ఖాళీని నింపింది మన సోడాలోని గ్యాసే. లీటరు సీసాలో అరలీటరు మిగిలితే, ఫ్రిజ్ చలిలో కూడా ఆ ఖాళీ గ్యాస్‌లో దాదాపు 40 శాతం లాగేస్తుంది. గట్టు మీద 30 డిగ్రీలలో ఉంచితే సగానికి పైనే. మిగిలినదాన్ని మెడదాకా నిండే చిన్న సీసాలోకి గోడ వెంబడి ఒంపి, మూత బిగించి, ఫ్రిజ్ వెనకవైపు చల్లటి మూలన పెట్టాలి. అంత చిన్న సీసా ఇంట్లో లేకపోతే ఇంకో గ్లాసు తీసి పక్కింటివాళ్లని పిలవడమే మంచిది.